స్టేజీ మీద వెలిగే సముద్రప్రాణి: పాత గొడుగుతో ‘మిణుగొడుగు’ ఎలా చేయాలి

డిసెంబరు, జనవరి వచ్చి బళ్లలో వార్షికోత్సవాలు మొదలైతే అనంతపురం, కర్నూలు, కడప వైపు టీచర్లూ తల్లిదండ్రులూ అడిగేది ఒకటే. “పిల్లల నాటకంలో సముద్రలోకం ఉంది. అందులో వెలిగే ప్రాణి కావాలి. థర్మాకోల్ కోసి, నీలం రంగేసి, సీరియల్ సెట్టు చుట్టాం. జాతర పందిరిలా ఉంది గానీ ప్రాణిలా లేదు. ఏం చేయాలి?”

లోపం బల్బుల సంఖ్యలో లేదు. బల్బు కంటికి నేరుగా కనిపిస్తే అది దీపం. బల్బు కనబడకుండా వెలుగు మాత్రం ఒంట్లోంచి వస్తే అది ప్రాణి. ఈ పనంతా ఆ తేడా కోసమే.

ఇక్కడ చెప్పేది గొడుగు ఆకారంలో, కింద ఎనిమిది తీగచేతులతో, ఊపిరి పీలుస్తున్నట్టు ముడుచుకుని విచ్చుకునే ఊహాప్రాణి. పేరు మిణుగొడుగు అనుకుందాం, మీ కథలో మీకు నచ్చిన పేరు పెట్టుకోండి. పదేళ్లు దాటిన పిల్లలు ఒక్కరే ఆడించగలరు. సోల్డరింగ్ అక్కర్లేదు. ఇద్దరు కూర్చుంటే రెండు సాయంత్రాల పని.

ముందు ఒక్క ప్రశ్న: ఇది ఎందుకు వెలుగుతుంది?

దీనికి జవాబు లేకుండా లైట్లు కొనకండి. రంగు, వేగం, బల్బులు ఎక్కడ పెట్టాలన్నది, అన్నీ ఆ జవాబును బట్టే ఉంటాయి. నిజం సముద్రంలో వెలిగే ప్రాణులకు కారణాలున్నాయి. యాంగ్లర్ చేప నెత్తి మీది దీపం ఎరను రప్పించడానికి. హ్యాచెట్ చేప పొట్ట కింది వెలుగు తన నీడ కిందివాళ్లకు కనబడకుండా దాచుకోవడానికి. అటోలా అనే జెల్లీ చేప మీద ఏదైనా దాడి చేస్తే దాని గొడుగు చుట్టూ నీలి వెలుగు గిరగిరా తిరుగుతుంది. ఆ వెలుగు చూసి ఇంకా పెద్ద జంతువు వచ్చి దాడి చేసినదాన్ని పట్టుకుంటుందని శాస్త్రవేత్తల అంచనా.

మీ మిణుగొడుగు తన పిల్లను పిలుస్తోందా? భయపడుతోందా? దారి చూపిస్తోందా? పిలుపు అయితే నెమ్మదిగా వెలిగి ఆరాలి. భయమైతే అంచు చుట్టూ వెలుగు పరుగెత్తాలి. దారి చూపేదైతే ఆరకుండా నిలకడగా వెలగాలి.

కథకు చోటు దొరక్కపోతే కడప బండల వైపు చూడండి. మన ఇళ్లలో పరిచే ఆ సున్నపురాయి ఒకప్పటి సముద్రాల అడుగున పేరుకున్నదే. వేంపల్లె చుట్టుపక్కల రాళ్లలో కనిపించే పొరల గుండ్రాలు, అంటే స్ట్రోమటోలైట్లు, నూరు కోట్ల ఏళ్లకు ముందే సూక్ష్మజీవులు కట్టినవి. అప్పటికి చేపలూ జెల్లీలూ లేవు కాబట్టి అక్కడ మీరేం ఊహించినా అడ్డు చెప్పేవాళ్లు లేరు. రాయలసీమ పిల్లల నాటకానికి సముద్రం బయటినుంచి అరువు తెచ్చుకోనక్కర్లేదు.

కావలసినవి

- పొడుగు గొడుగు 1. ఎనిమిది కమ్మీలది, కమ్మీ పొడవు 58 సెంటీమీటర్లు (23 అంగుళాలు). పారదర్శక ప్లాస్టిక్‌ది దొరికితే మేలు, లేకపోతే తెల్లది. మూడు మడతల గొడుగు వద్దు, దాని కీళ్లలో వైరు నలిగి తెగుతుంది. బటన్ నొక్కితే తెరుచుకునేదీ వద్దు, పిల్లల మొహానికి కొడుతుంది.
- యూఎస్‌బీ ఫెయిరీ లైట్లు 2 చుట్టలు. సన్నటి రాగి వైరువి, వెలిగే తీరు (మోడ్) మార్చుకునే వీలున్నవి, ఒక్కొక్కటి 10 మీటర్లు, 100 బల్బులు. ఒకటి నీలం, ఒకటి తెలుపు.
- పవర్ బ్యాంక్ 1. 10,000 ఎంఏహెచ్, రెండు పోర్టులు ఉన్నది.
- తెల్ల ఆర్గంజా గుడ్డ 5 మీటర్లు, 44 అంగుళాల పన్నా. ఆర్గంజా లేకపోతే మెత్తటి నైలాన్ నెట్టు.
- బబుల్ రాప్ 2 మీటర్లు, కనీసం 60 సెంటీమీటర్ల వెడల్పు.
- 10 సెంటీమీటర్ల కేబుల్ టైలు 50.
- ముప్పావు అంగుళం పీవీసీ పైపు 2 అడుగులు.
- ఇన్సులేషన్ టేపు, వెడల్పాటి పారదర్శక టేపు, సూది, తెల్ల నైలాన్ దారం, కత్తెర, గుప్పెడు చింతగింజలు.

లైట్లు కొనేటప్పుడు కొట్టులోనే వెలిగించి చూడండి. ప్లగ్గు నుంచి మొదటి బల్బు దాకా మీటరు ఖాళీ వైరు ఉండాలి. అంత లేకపోతే మీటరు పొడవు యూఎస్‌బీ ఎక్స్‌టెన్షన్ కేబుల్ కూడా తీసుకోండి.

ఇంట్లో ఉన్న 230 వోల్టుల సీరియల్ సెట్టు ఎట్టి పరిస్థితిలోనూ వాడొద్దు. గొడుగు కమ్మీలు ఇనుపవి, పట్టుకునేది పిల్లలు, ఆడించేటప్పుడు వైరు రాసుకుంటూనే ఉంటుంది. వైరు తోలు లేచిన చోట కమ్మీకి తగిలితే గొడుగంతా కరెంటే. 5 వోల్టుల లైట్లతో ఆ ప్రమాదం లేదు.

చేసే విధానం

1. గొడుగును లొంగదీయండి. నడిమి కడ్డీ మీద గొడుగును పట్టి ఆపే రెండు స్ప్రింగు మీటలు ఉంటాయి. పైదాన్ని లోపలికి నొక్కి, దాని మీద ఇన్సులేషన్ టేపు గట్టిగా మూడు చుట్లు వేయండి. ఇప్పుడు కమ్మీలను తెరిచి మూసే, కడ్డీ మీద జరిగే గొట్టం ఎక్కడా ఇరుక్కోకుండా పైకీ కిందికీ పోవాలి. ప్రాణి ఊపిరి పీల్చేది ఈ కదలికతోనే. తర్వాత వంపు పిడి తీసేసి, కడ్డీ చివర టేపు చుట్టి లావు చేసి, పీవీసీ పైపులోకి నాలుగు అంగుళాలు బిగువుగా దూర్చండి. పైపుకు అడ్డంగా రెండు చిల్లులు పెట్టి కేబుల్ టై బిగిస్తే తిరగదు.

2. కమ్మీల మొనలు కప్పండి. ఎనిమిది కమ్మీల చివర్లకూ, కీళ్ల దగ్గర కనిపించే పదునైన అంచులకూ టేపు చుట్టండి. చాలామంది ఇది వదిలేస్తారు. రాగి ఫెయిరీ లైట్లకు మామూలు వైరు మీద ఉండే ప్లాస్టిక్ తోలు ఉండదు, సన్నటి పూత మాత్రమే ఉంటుంది. కమ్మీ అంచుకు నాలుగు సార్లు రాసుకుంటే పూత పోతుంది. రెండు వైర్లూ ఒకే ఇనుముకు తగిలి షార్ట్ అవుతాయి, నాటకం మధ్యలో బొమ్మ ఆరిపోతుంది.

3. నీలం చుట్ట కట్టండి. గొడుగు తెరిచి తలకిందులుగా పెట్టుకోండి. కమ్మీలకు 1 నుంచి 8 దాకా నెంబర్లు వేసుకోండి. వైరు దారి ఇదీ: మధ్య నుంచి 1వ కమ్మీ మీదుగా అంచుకు, అంచు వెంబడి 2కు, 2 మీదుగా మధ్యకు. అలాగే 3 మీదుగా బయటికి, 4 మీదుగా లోపలికి. 5 బయటికి, 6 లోపలికి. 7 మీదుగా అంచుకు చేరాక వెంటనే లోపలికి రావద్దు. అంచు చుట్టూ ఒక పూర్తి ప్రదక్షిణ చేసి, మళ్లీ 7 దాటి 8కి వచ్చి, అప్పుడు మధ్యకు రండి.

దీనికి సుమారు 9 మీటర్ల 25 సెంటీమీటర్లు పడుతుంది. మిగిలిన ముప్పావు మీటరు వదులు కోసం. ఆసరా కమ్మీ (జరిగే గొట్టం నుంచి పెద్ద కమ్మీకి వచ్చే చిన్న కమ్మీ) కలిసే ప్రతి కీలు దగ్గరా రెండు వేళ్లు పట్టేంత వదులు వదలండి. బిగించి కట్టారంటే మొదటిసారి గొడుగు మూయగానే ఫట్‌మంటుంది. ఒక్కో కమ్మీకి మూడు కేబుల్ టైలు చాలు, అవి కూడా వైరు కొంచెం జరిగేలా ఉండాలి. బల్బులు కమ్మీకి లోపలి వైపు ఉండాలి, గుడ్డ వైపు కాదు.

4. ప్లగ్గు వైరు కిందికి దించండి. పొరపాట్లు ఎక్కువ జరిగేది ఇక్కడే. వైరును నడిమి కడ్డీకి అంటించి కిందికి తెస్తే, జరిగే గొట్టం దాన్ని కోసేస్తుంది. వైరును ముందు ఒక ఆసరా కమ్మీ మధ్యలో కట్టండి. అక్కడి నుంచి జానెడు వదులుగా వేలాడనిచ్చి, గొట్టం దిగే చోటుకు కింద పీవీసీ పైపుకు కట్టండి. గొట్టాన్ని పైనుంచి కింది దాకా జరిపి చూడండి, ఏ స్థానంలోనూ వైరు బిగుసుకోకూడదు.

5. పరీక్ష ఒకటి. గుడ్డ కప్పక ముందే లైట్లు వెలిగించి గొడుగును ఇరవై సార్లు ముడిచి విప్పండి. ఏ బల్బు రెప్ప కొట్టినా ఆ చోట వదులు పెంచండి. గుడ్డ కుట్టాక ఈ తప్పు దొరికితే మొత్తం విప్పాల్సిందే.

6. బబుల్ రాప్ పొర. అడుగు 40, ఎత్తు 58 సెంటీమీటర్ల ముక్కోణాలు ఎనిమిది కోయండి. ఒకటి నిటారుగా, ఒకటి తలకిందులుగా పక్కపక్కన గీసుకుంటే 2 మీటర్లలో సరిపోతాయి. వీటిని గొడుగు గుడ్డ పైన పారదర్శక టేపుతో అంటించండి. బుడగలు పైకి ఉండాలి. గ్లూగన్ వద్దు. వేడికి ప్లాస్టిక్ కరుగుతుంది, ఎండలో రేకుల షెడ్డులో పెడితే అతుకే మెత్తబడి ఊడుతుంది.

7. ఆర్గంజా చర్మం. మూడున్నర మీటర్ల ముక్క తీసుకుని, పన్నాలో 75 సెంటీమీటర్లు, 37 సెంటీమీటర్లుగా పొడవునా రెండు పట్టీలు చేయండి. వెడల్పు పట్టీ రెండు కొసలూ కలిపి కుడితే పెద్ద గొట్టం అవుతుంది. పై అంచున పరుగు కుట్టు వేసి దారం లాగితే సంచి మూతిలా దగ్గరకొస్తుంది. దాన్ని గొడుగు మొన చుట్టూ కట్టేయండి. కింది అంచును ఎనిమిది కమ్మీల చివర్లకు కుట్టండి.

గుడ్డ 75, కమ్మీ 58. ఆ 17 సెంటీమీటర్ల మిగులును బిగించి లాగేయకండి. అదే ఉబ్బుగా నిలిచి బల్బుకూ చర్మానికీ మధ్య ఎడం ఇస్తుంది. బల్బు గుడ్డకు ఆనితే చుక్క కనిపిస్తుంది, రెండు మూడు అంగుళాల దూరముంటే వెలుగు పరుచుకుంటుంది. సన్న పట్టీని అంచుకు కుచ్చులుగా కుట్టండి.

8. తీగచేతులు. మిగిలిన గుడ్డలో 1 మీటరు 25 సెంటీమీటర్ల పొడవున, 14 సెంటీమీటర్ల వెడల్పున ఎనిమిది పట్టీలు వస్తాయి. ఒక్కొక్కదాన్ని సన్న గొట్టంలా కుట్టి, అడుగున నాలుగైదు చింతగింజలు వేసి మూసేయండి. ఆ బరువు లేకపోతే గుడ్డ ఒకదానికొకటి అంటుకుని చిక్కుపడుతుంది. గోలీలు, ఇనుప నట్లు వేయకండి, ఊపినప్పుడు పక్క పిల్లలకు తగులుతాయి.

తెల్ల చుట్టను 1, 3, 5, 7 కమ్మీల చేతుల్లోకి దించాలి. మధ్య నుంచి 1వ కమ్మీ మీదుగా అంచుకు తెచ్చి, గొట్టంలోకి 85 సెంటీమీటర్లు దించి, మడిచి పైకి తెచ్చి, అంచు వెంబడి 3కు తీసుకెళ్లండి. నాలుగూ అయ్యేసరికి జానెడు మిగులుతుంది. చేతి కింది 40 సెంటీమీటర్లలో లైటు ఉండదు. అలాగే ఉండనివ్వండి, కిందికి పోయేకొద్దీ వెలుగు తగ్గడమే అందం. మిగతా నాలుగు చేతులు ఖాళీవి, అవి పక్క వెలుగును పట్టుకుంటాయి. దీని ప్లగ్గు వైరుకు కూడా నాలుగో మెట్టులో చెప్పిన జాగ్రత్తే.

9. చర్మం మీద మచ్చలు. ఇది ఐచ్ఛికం, కానీ బొమ్మకు ప్రాణం దీనితోనే వస్తుంది. ధర్మవరం దగ్గర నిమ్మలకుంట తోలుబొమ్మలను దగ్గరగా చూడండి. ఆ ఊరి తోలుబొమ్మల కళాకారుడు దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. పలచన చేసిన తోలు మీద రంగులు, నగల దగ్గర సన్నటి చిల్లులు. తెర వెనక దీపం పెడితే రంగు మెత్తగా వెలుగుతుంది, చిల్లులు మాత్రం తళుక్కుమంటాయి. ఆ పద్ధతే ఇక్కడ పనికొస్తుంది. ముదురు నీలం చార్టును ఆకు ఆకారంలో ఎనిమిది ముక్కలు కోసి, దబ్బనంతో వరసగా చిల్లులు పొడిచి, కమ్మీకి కమ్మీకి నడుమ కుట్టండి. చిల్లులు మధ్యలో పెద్దవి, అంచుకు పోయేకొద్దీ చిన్నవి. చార్టు చర్మంలో మూడో వంతు మించితే బొమ్మ చీకటిగా అయిపోతుంది.

10. పవర్ బ్యాంక్. పీవీసీ పైపుకు, పట్టుకునే చేతికి కాస్త పైన, గుడ్డ సంచిలో కట్టండి. పైన గొడుగులో పెడితే తల బరువై పిల్లల చేయి రెండు నిమిషాల్లో వాలిపోతుంది. లైట్లు రెండూ కలిపి ఒక ఆంపియర్ తీసుకున్నా 10,000 ఎంఏహెచ్‌తో ఐదారు గంటలు వెలుగుతుంది. స్టేజీ వెనక ప్లగ్గు పాయింటు వెతుక్కోనక్కర్లేదు, కరెంటు పోయినా భయం లేదు.

ఎక్కువగా జరిగే తప్పులు

*రేడియం స్టిక్కర్లు అంటించడం.* బైకుల కొట్లో ‘రేడియం’ అని అమ్మేది తనంతట తాను వెలగదు. మీద పడ్డ వెలుగును వచ్చిన వైపుకే తిప్పి పంపుతుంది. హెడ్‌లైటు వెనక కూర్చున్నవాడికి మెరుస్తుంది, చీకట్లో కూర్చున్న ప్రేక్షకులకు నల్లగా కనిపిస్తుంది. నిజంగా చీకట్లో వెలిగే పొడి వేరే ఉంది. దాన్ని ముందు బాగా వెలుతురులో ఉంచాలి, తర్వాత కాసేపటికే మసకబారుతుంది. చిన్న మచ్చలకు పనికొస్తుంది గానీ ఒళ్లంతటికీ చాలదు.

*పసుపు లైట్ల మీద నీలం జిలటిన్ పేపరు చుట్టడం.* పసుపు వెలుగులో నీలం పాలు తక్కువ. పేపరు మిగతాదంతా ఆపేస్తుంది, వచ్చేది గుడ్డి వెలుగు. నీలం లైట్లే కొనండి, లేదంటే తెలుపు.

*ఎరుపు, ఆకుపచ్చ, పసుపు అన్నీ కలిపిన చుట్ట.* నీళ్లలో ఎరుపు పైపైనే ఇంకిపోతుంది, నీలం చాలా లోతుకు పోతుంది. అందుకే సముద్రప్రాణుల వెలుగు ఎక్కువగా నీలమే. కన్ను కూడా నీలాన్నే లోతుగా నమ్ముతుంది. మరో రంగు కావాలంటే ఒక్కచోట, ఒక్క చుక్కగా పెట్టండి. టేబుల్ టెన్నిస్ బంతికి చిల్లు పెట్టి, లోపల పసుపు బల్బు దూర్చి, వెదురు బద్ద చివర ముందుకు వేలాడదీస్తే ఎర దీపం తయారు. చిల్లు సూదితో తిప్పి తిప్పి పెట్టండి, కాల్చిన మేకుతో వద్దు. పాతకాలం బంతులు భగ్గుమంటాయి. ఈ చిన్న లైటుకు బటన్ సెల్ పెట్టే రకం కొంటే మూత మీద టేపు చుట్టండి. చిన్నపిల్లలు సెల్ మింగితే గంటల్లోనే గొంతు కాలిపోతుంది. మింగారని అనుమానం వచ్చినా తెల్లారేదాకా ఆగకుండా ఆసుపత్రికి తీసుకెళ్లాలి.

*రెండు చుట్టలను ఒకదాని కొసకు ఒకటి కలపడం.* రెండోదాని చివరి బల్బులు మసకగా వెలుగుతాయి. రెండింటికీ వేర్వేరు పోర్టులు ఇవ్వండి. చుట్టను కురచ చేయాలంటే కొస వైపు కత్తిరించవచ్చు, మొదటి భాగం వెలుగుతూనే ఉంటుంది. కోసిన వైర్ల కొసలు మాత్రం తాకకుండా విడివిడిగా టేపు చుట్టాలి.

*టపటపా కొట్టే మోడ్ పెట్టడం.* ప్రాణి అలా వెలగదు. పైగా సెకనుకు మూడు సార్లకు మించి కొట్టుకునే వెలుగు కొందరు పిల్లలకు ఫిట్స్ తెప్పించగలదు. నెమ్మదిగా మారే మోడ్, నిలకడగా వెలిగే మోడ్ మాత్రమే వాడండి.

*చేతికి కట్టుకునే గ్లో స్టిక్కులు కోసి ద్రవం పూయడం.* లోపల సన్నటి గాజు గొట్టం పగిలి ఉంటుంది, ద్రవం కంట్లో పడితే మంట. వాటిని కోయనే వద్దు.

*పవర్ బ్యాంక్ దానంతటదే ఆగిపోవడం.* కొన్ని రకాలు కరెంటు మరీ తక్కువ లాగితే ఫోన్ చార్జింగ్ అయిపోయిందనుకుని ఆపేస్తాయి. లైట్లు ఆరే మోడ్‌లో ఇది ఎక్కువ. నీలం చుట్టను మాత్రమే ఆరి వెలిగేలా పెట్టి, తెల్లదాన్ని నిలకడగా ఉంచితే సరిపోతుంది. నాటకానికి ముందు రోజు పావుగంట ఆగకుండా వెలిగించి ఖాయం చేసుకోండి.

బాగా వచ్చిందో లేదో చూడటం

రాత్రి పూట, లైట్లన్నీ ఆర్పి, ముప్పై అడుగుల దూరం నుంచి చూడండి. దగ్గర నుంచి అందంగా ఉన్నది దూరం నుంచి చుక్కల వరసగా మిగలొచ్చు. బల్బులు లెక్కపెట్టగలుగుతున్నారా? అయితే ఎడం చాల్లేదు, ఆర్గంజాను ఇంకొంచెం ఉబ్బించండి లేదా ఇంకో పొర వేయండి. ఆకారమే తెలియడం లేదా? పొరలు ఎక్కువయ్యాయి, బబుల్ రాప్ తీసేయండి. ఫోన్ ఫోటోను నమ్మకండి, ఫోను చీకటిని తనే వెలిగించి చూపిస్తుంది.

పట్టుకున్న పిల్లాడు కనిపిస్తున్నాడా చూడండి. నల్ల ఫుల్ చేతుల చొక్కా, నల్ల ప్యాంటు, నల్ల సాక్సు, చేతులకు గ్లోవ్స్ ఉండాలి. తెల్ల యూనిఫాం ఒక్క అంగుళం బయటపడినా కన్ను అక్కడికే పోతుంది. వెనక తెర నలుపు లేదా ముదురు నీలం. తీగచేతులు నేలకు జానెడు పైన ఆగాలి, తొక్కితే కుట్లతో సహా ఊడొస్తాయి.

ఇక స్టేజీ లైట్లు. ముందు నుంచి హాలోజెన్ పడితే మీరు చేసిందంతా వృథా. ఆ సీనుకు ముందు లైట్లు ఆర్పమని లైటింగ్ అన్నకు ముందే కాగితం మీద రాసి ఇవ్వండి. సీను పేరు, మొదటి డైలాగు, చివరి డైలాగు అందులో ఉండాలి. నోటితో చెప్పింది ఆ గోలలో గుర్తుండదు.

బడి మైదానంలో బహిరంగ స్టేజీ అయితే గాలిని కూడా లెక్కలో పెట్టండి. అనంతపురం గాలికి గొడుగు ఒక్క ఊపులో తిరగబడుతుంది. ఎదురెదురు కమ్మీల కొసలను లోపలి వైపు నుంచి నైలాన్ దారంతో కలిపి కట్టండి. గొడుగు పూర్తిగా విచ్చుకున్నప్పుడే ఆ దారం బిగవాలి. గాలి మరీ ఎక్కువైతే సగం ముడిచే ఆడించండి.

గొడుగు దొరక్కపోతే, డబ్బులు చాలకపోతే

తెల్ల పంచె తెరగా కట్టి, చార్టు మీద ప్రాణిని గీసి కోసి, చిల్లులు పొడిచి, వెనక రంగు జిలటిన్ పేపరు అంటించి, వెదురు పుల్లకు కట్టండి. తెర వెనక తెల్ల ఎల్‌ఈడీ బల్బు పెట్టి, బొమ్మను తెరకు ఆనించి ఆడించండి. తెరకు దూరం జరిపితే అంచులు మసకబారతాయి. లోతు నుంచి పైకి వస్తున్నట్టు చూపాలంటే ఆ మసకనే వాడుకోవచ్చు.

యూవీ లైటు దొరికే చోట ఇంకో దారి ఉంది. హైలైటర్ పెన్నుతో గీసిన గీతలు దాని కింద బాగా వెలుగుతాయి. కానీ సబ్బుపొడితో ఉతికిన తెల్ల బట్టలూ అంతే వెలుగుతాయి, కాబట్టి స్టేజీ మీద ఎవరికీ తెలుపు ఉండకూడదు. ఆ లైటు వైపు పిల్లలు నేరుగా చూడకుండా పైకి, పక్కకు పెట్టండి.

తర్వాత

నాటకం అయిన రాత్రే పవర్ బ్యాంక్ విడదీయండి. గొడుగును పూర్తిగా మూసి కట్టేయకుండా సగం విప్పి, పాత దుప్పటి కప్పి, మొన పైకి ఉండేలా వేలాడదీయండి. చింతగింజలున్న చేతులను విడివిడిగా మడిచి పిన్నీసు పెట్టండి. వచ్చే ఏడాది తీసినప్పుడు ముందు ఐదో మెట్టు పరీక్ష మళ్లీ చేయండి, ఆ తర్వాతే పిల్లల చేతికి ఇవ్వండి.